వడియాల మీదుగా విమానం

అలేఖ్య ఫోను పెట్టేసి చాలాసేపయినా లక్ష్మీకాంతం చెవి దగ్గర్నుంచి ఫోను దిగలేదు. "మామ్మా, నీకో మంచి కబురు. ఏలూరు మామ్మగారొచ్చారు. నడవలేరు కదా, కార్లో మా వెనకాలే నెమ్మదిగా వస్తున్నారు. నువ్వు చెప్పే యుద్ధం కథ వినాల్సిందేనని ఒకటే పట్టు. గంటలో మనింటి దగ్గరుంటాం" అని ఆ పిల్ల ఎంత సంబరంగా చెప్పిందో, ఈవిడ గుండె అంత కిందికి, ఇంచుమించు మోకాళ్ళ దాకా జారిపోయింది. మంచి కబురట. పిల్లి ఇంటికి కుక్క చుట్టపుచూపుగా వస్తోందంటే అదీ మంచి కబురే. ఏలూరు మామ్మగారంటే సీతారావమ్మ, లక్ష్మీకాంతానికి ఆడపడుచు, పోయినాయనకి అక్కగారు. ఆడబిడ్డ అర్ధమొగుడన్నారు పెద్దలు. ఈవిడ విషయంలో ఆ మాట చాలా తక్కువ చేసి చెప్పారు. అయినా భయం ఆడపడుచరికానికి కాదు, అది అరవయ్యేళ్ళ కిందటే అలవాటైపోయింది. అసలు సంగతి వేరే. రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో తాడేపల్లిగూడెంలో, ఈ ఇంట్లో, ఈ వాకిట్లో, ఏడేళ్ళ పిల్లగా సీతారావమ్మ నిజంగా ఉంది. లక్ష్మీకాంతం లేదు. లేకపోవడమంటే పక్కూళ్ళో ఉండడం కాదు, అప్పటికింకా పుట్టనేలేదు. ఆ సంగతి తెలిసినవాళ్ళు ఈ భూమ్మీద ఇద్దరే మిగిలారు. ఒకరు ఈవిడ. రెండో ఆవిడ కార్లో వస్తోంది.

కుర్చీలు వెయ్యాలి. పన్నెండు కుర్చీలు, ఒక బల్ల, మజ్జిగ గ్లాసులు. ప్రతి నెలా రెండో ఆదివారం ఇదే పని, అలేఖ్య ఊరు చూపిస్తూ నడిపించుకొచ్చే జనం కోసం. కుర్చీ ఒకటి లాగుతూ ఆవిడ అనుకుంది, ఇదంతా ఆ బెర్లిన్ ఊరు తెచ్చిన తంటా. అలేఖ్యని కంపెనీవాళ్ళు రెండు వారాలు జర్మనీ పంపిస్తే, పని చూసుకుని బుద్ధిగా తిరిగిరాక, ఓ ఆదివారం టిక్కెట్టు కొనుక్కుని, ఊరు చూపిస్తానంటూ గొడుగు పైకెత్తి పట్టుకున్న ఒకాయన వెనకాల మూడు గంటలు నడిచిందిట. అది వాళ్ళ రాజధాని. యుద్ధంలో ఊరంతా నేలమట్టమైతే, యుద్ధమయ్యాక ఊరిని రెండు ముక్కలు చేసి మధ్యలో గోడ కట్టారట. "గోడ ఎలా ఉందే?" అని ఈవిడ ఆశగా అడిగితే, "చాలామటుకు లేదు మామ్మా, పడగొట్టేశారు. అది ఉన్నచోట రోడ్డుమీద రెండు వరసల రాళ్ళు పరిచారు, అవి చూపించారు" అంది. లేని గోడ చూడ్డానికి టిక్కెట్టు. ఇంతా చేసి ఊరు రెండు ముక్కలవడానికి గోడే కావాలా, ఏలూరుకి తమ్మిలేరు చాలలేదూ? వదినగారు వన్‌టౌన్‌లో కాపరం పెట్టి డెబ్భయ్యేళ్ళయింది, ఏరు దాటి టూటౌన్ నుంచి తెచ్చుకున్న కోడలి గురించి ఈనాటికీ "మాది దూరపు సంబంధం" అనే చెబుతుంది. రాజధానంటారా, మనకీ ఒకటుండేది పెదవేగిలో. అన్నదమ్ములు కొట్టుకుని కొట్టుకుని చివరికది నిమ్మతోటలయి కూర్చుంది. కానీ ఆ మాట పైకంటే అలేఖ్య అక్కడికి కూడా జనాన్ని నడిపిస్తుందని లక్ష్మీకాంతం నోరు మూసుకుంది. ఆ మూసుకున్న నోరే తర్వాత కూడా మూసుకునుంటే ఎంత బాగుండేది.

ఫోను టింగుమంది. అలేఖ్య లొకేషన్ పంపింది. ఫోనులో నీలం చుక్క ఒకటి రన్‌వే మీద నించుంది. తెల్లవాళ్ళు యుద్ధంలో విమానాలు దిగడానికి వేసిన రన్‌వే అది, ఊరి పక్కనే ఇంకా ఉంది, ఇప్పుడు దానిమీద షుగరున్నవాళ్ళు పొద్దున్నే దిగుతున్నారు. నడక అక్కడ మొదలవుతుంది. అక్కణ్ణించి కూలీల పాకలుండిన చోటు, రాళ్ళు దింపిన చోటు, సోల్జర్లు నీళ్ళు పట్టుకున్న నుయ్యి, అన్నీ ఇప్పుడు లేనివే, అన్నీ చూపించి, చివరికి లక్ష్మీకాంతం వాకిట్లోకి తెస్తుంది. లేనివన్నీ చూసి అలిసిపోయిన జనానికి ఉన్నది ఇక్కడ ఈవిడొక్కతే. అలేఖ్య అచ్చు వేయించిన కార్డుమీద పెద్దక్షరాలతో రాసుంటుంది, "విన్నవాళ్ళ మాట కాదు, చూసినవాళ్ళ మాట" అని. ఆ బెర్లిన్ గొడుగాయన చెప్పాడట, అమ్మాయీ, పుస్తకంలో ఉన్నది ఎవరైనా చెబుతారు, చూసిన మనిషి ఒక్కరు దొరికితే నీ నడక నిలబడుతుంది అని. పిల్ల ఆ మాట పట్టుకుంది. ఉన్న ఉద్యోగం సగం రోజులకి తగ్గించుకుని ఇది మొదలుపెట్టింది. దాని తండ్రి "పిచ్చి పని" అన్నాడు. ఈవిడే అడ్డం పడి "చెయ్యనీరా" అంది. నీలం చుక్క కదిలింది. యుద్ధంలో జనం ఆకాశంకేసి ఇలాగే చూసుంటారు.

మొదటి నడకనాడు అబద్ధమాడాలని ఈవిడ అనుకోలేదు. దేవుడి తోడు, అనుకోలేదు. పదిమంది కూర్చున్నారు, అలేఖ్య మధ్యలో నించుని "మా మామ్మ" అంది, కళ్ళజోడు పిల్లొకతె "మీరు చూశారాండీ?" అంది. లేదమ్మా, మా అత్తగారు చూశారు, ఆవిడ చెప్పగా నేను విన్నాను, అని చెప్పడానికే నోరు తెరిచింది. తెరిచిన నోట్లోంచి "చూశానండీ" అని వచ్చింది. కాలు జారితే తీసుకోవచ్చు గానీ అని ఊరికే అన్నారా. పైగా ఆ పిల్ల కళ్ళు ఇంతింతలయ్యాయి, అలేఖ్య మొహం వెలిగిపోయింది, ఇక వెనక్కి తీసుకుంటే దీపం ఊదేసినట్టుంటుందని ఊరుకుంది. చిన్నప్పుడు చుట్టపుచూపుగా ఈ ఇంటికొచ్చినప్పటి మాటని సర్దిచెప్పింది. అలేఖ్యకి అనుమానమెందుకొస్తుంది, ఆధార్ కార్డులో పుట్టిన ఏడాది పందొమ్మిదివందల ముప్ఫయ్యారని ఉంటేను. ఆ కార్డు సంగతి ఇంకో కథ. స్కూల్లో బల్లేసుకుని కూర్చున్న అమ్మాయి "పుట్టిన తేదీ ఎంతండీ?" అంటే, "కొల్లేరు పొంగిన ఏడాదమ్మా" అంది ఈవిడ. ఈవిడ పుట్టిల్లు కొల్లేటి లంక. "ఏ ఏడాది పొంగిందండీ?" "పొంగనిదెప్పుడమ్మా?" ఆ అమ్మాయి కంప్యూటర్ కేసి ఒకసారి, ఈవిడ జుట్టుకేసి ఒకసారి చూసి, ఒకటో తేదీ, ఒకటో నెల, ముప్ఫయ్యారు అని కొట్టేసింది. పదేళ్ళు ఎక్కువ పడిందని లక్ష్మీకాంతానికి ఇంటికొచ్చాక తెలిసింది. దిద్దించుకుందామని బయల్దేరి, గుమ్మం దగ్గర ఆగి, ఆలోచించి, చెప్పులు విప్పేసింది. ముప్ఫయ్యారంటే వదినగారి ఏడాదే. కాగితం మీదయినా ఆవిడతో సమానమయ్యానని ఆ రోజు పాయసం కూడా చేసుకుంది.

కుక్కర్ రెండో కూత వేసింది. మజ్జిగలో అల్లం తక్కువైందేమో. వదినగారు తాగుతూనే చెబుతుంది. ఆవిడ దిద్దని వస్తువు ఈ ఇంట్లో వెతికినా దొరకదు. కాపరానికొచ్చిన రెండో రోజు పెట్టిన దప్పళంలో ముల్లంగి ముక్క అడ్డంగా కోశావంది. తద్దినం పెట్టే పంతులుగారి మంత్రం దిద్దింది, ఆయన అప్పట్నించీ ఈ వీధి మీదుగా రావడం మానేశాడు. ఈ మధ్య గుళ్ళో కళ్యాణం చేయిస్తుంటే పీటలమీది వధువుకి చీర కుచ్చిళ్ళు సరిగా రాలేదందిట, ఆ వధువు అమ్మవారు. అలాటి మనిషి ముందు, ఆవిడ చిన్నతనం ఆవిడకే చెప్పాలి, అదీ తన చిన్నతనమని. ఇవాళ్టికే వట్లూరు కాలేజీలో చరిత్ర చెప్పే ఫణికిరణ్ గారు కెమెరాతో వస్తానన్నారు. "మీ మాట రికార్డు చేసి దాచిపెడతామండి, వందేళ్ళయినా ఉంటుంది" అని ఫోనులో అన్నారు. మామూలు అబద్ధమైతే మనిషితో పోతుంది. ఇది పోదు.

జ్వరమని పడుకుంటే? వదినగారు చెయ్యి పట్టుకు చూసి "లేదు" అంటుంది. తలుపు తాళం వేసి బజారుకి పోతే? ఆదివారం పొద్దున్నే బజారేమిటంటారు. పోనీ వదినగారిని లోపల ఏసీ గదిలో కూర్చోబెట్టి, ఆవిడ పెరిగిన గది అదేగా, టిఫిను ముందు పెట్టి, తలుపేసేస్తే? ఆవిడకి చెముడున్నా బాగుండును. తొంభయ్యేళ్ళొచ్చినా చీమ తుమ్మితే ఏ కాలితో తుమ్మిందో చెబుతుంది.

నీలం చుక్క నూతి దగ్గర ఆగింది. ఇంకో పావుగంట. లక్ష్మీకాంతం కుర్చీల్లో ఒకదాంట్లో కూలబడి కథ ఒకసారి నెమరేసుకుంది, ఎక్కడైనా తప్పుకునే సందుందేమోనని. సందులేదు. కథ అత్తగారిది. ఏటా చింతపండు గింజలు తీసేటప్పుడు ఆవిడ చెప్పేది, ఒక్క ముక్క అటూ ఇటూ కాకుండా. మాఘమాసం, ఎండ బాగా కాస్తోంది, వాకిట్లో నులకమంచం మీద పాత పంచె పరిచి గుమ్మడికాయ వడియాలు పెట్టాం. వంద ఎడ్లబళ్ళు తాటిచెట్ల తలల మీద తోలినట్టు చప్పుడొచ్చింది. ముందు కొల్లేటి గూడకొంగ దారితప్పిందేమో అనుకున్నాం, అంత తెల్లగా ఉంది. అది కిందికి దిగింది, దిగింది, ఇంటి కప్పు మీదికొచ్చేసింది. అందరం లోపలికి పరుగు. పిల్లది ఒక్కతే వాకిట్లో ఉండిపోయి మంచం కింద దూరింది. విమానం నీడ వడియాల మీదుగా పోయింది. చప్పుడు పోయాక మా అత్త బయటికొచ్చి పిల్లని చూళ్ళేదు, వడియాలు చూసింది. నీడ పడింది, ఇక ఇవి పనికిరావంది. పనికొస్తాయని మీ మావగారు. తెల్లవాడి నీడ కాదు, విమానం నీడేగా అని ఆయన. విమానంలో తెల్లవాడున్నాడుగా అని ఆవిడ. తెగక పంతులుగారికి కబురు పెడితే, చూస్తే గానీ చెప్పలేను, సగం పంపండన్నాడు. పంపాం. నాలుగు రోజులకి తిరుగు కబురొచ్చింది, వేయించి చూశాను, దోషం లేదు, మిగతా సగం కూడా పంపితే నిస్సందేహంగా చెబుతానని.

ఇక్కడ జనం ఎప్పుడూ నవ్వుతారు. అత్తగారు నవ్వేది కాదు. ఆవిడకిది యుద్ధం.

మొదటిసారి చెప్పినప్పుడు ఇంకో పొరపాటు కూడా జరిగింది. అత్తగారి కథలో ఉయ్యాల్లో చంటివాడొకడుంటాడు, ఎనిమిది నెలలవాడు, విమానం చప్పుడికి లేవను కూడా లేదు. వాడే లక్ష్మీకాంతం మొగుడు. ఊపులో ఉండి "మా ఆయన ఉయ్యాల్లో నిద్రపోతున్నారండి" అనేసింది. ఎవరో లెక్క వేశారు. "అంటే మీవారు మీకన్నా ఏడేళ్ళు చిన్నాండీ?" అని. "ఆ రోజుల్లో అన్నీ చెల్లేవమ్మా" అని సర్దుకుంది గానీ, మరుసటి నెల నించి ఆయన్ని ఉయ్యాల్లోంచి తీసి అత్తిలిలో అమ్మమ్మగారింటికి పంపించేసింది. పాపం, బతికున్నన్నాళ్ళూ ఈ వీధి దాటి కదలని మనిషి, పోయాక అత్తిలి ప్రయాణం చేయాల్సొచ్చింది. నన్నేం చెయ్యమంటారండీ అని గోడమీది ఫోటోకేసి చూసింది. ఆయన ఎప్పటిలాగే ఏమీ అనలేదు. అక్కగారి ముందు ఆయన ఎప్పుడన్నాడు గనక.

కాకి వచ్చి బల్లమీద వాలింది. అదిలించడానికి లేవబోయి లేవలేదు. నిజం చెప్పుకోవాలంటే, మంచం కిందికి తనంతట తను దూరలేదు. అత్తగారే దూర్చింది. ఆవిడ ఆఖరి మూడేళ్ళూ మంచాన పడింది. వదినగారు నెలకోసారి ఏలూరు నించి బత్తాయిలు తెచ్చి, పక్కగుడ్డలు సరిగా పరవలేదని దిద్ది వెళ్ళేది. మిగతా ఇరవై తొమ్మిది రోజులూ ఈవిడే. ఆ రోజుల్లో అత్తగారికి మనుషులు కలిసిపోవడం మొదలైంది. గంజి తాగిస్తుంటే చెయ్యి పట్టుకుని "భయపడ్డావుటే, మంచం కింద ఒక్కదానివీ" అనేది. "నేను కాదండి అత్తయ్యా, సీత వదినగారండి" అని ఈవిడ చెప్పింది. రెండోరోజూ చెప్పింది. అలా చెప్పిన ప్రతిసారీ ఆవిడ మొహం చిన్నబోయేది, ఏదో చేతిలోంచి లాక్కున్నట్టు. మూడోరోజు "అవునత్తయ్యా, భయమేసింది" అంది. ఆవిడ తల నిమిరింది. పదహారేళ్ళకి కొల్లేటి లంక నించి ఈ ఇంటికొస్తే, అప్పటికే అన్నీ అయిపోయి ఉన్నాయి ఇక్కడ. విమానం అయిపోయింది, వడియాలు అయిపోయాయి, నవ్వాల్సినవీ ఏడవాల్సినవీ అందరూ నవ్వేసి ఏడ్చేసి ఉన్నారు. ఏ మాటలో నోరు పెట్టబోయినా "నీకు తెలీదులే, నువ్వు తర్వాతొచ్చావు" అనేవారు. అలా అరవయ్యేళ్ళు తర్వాతే వచ్చింది. ఆ ముసలావిడొక్కతే, మతి తప్పాక, లోపలికి రమ్మంది.

కారు హారన్.

కాకి ఎగిరింది. ముందు అలేఖ్య, చేతిలో గొడుగు ఎత్తి పట్టుకుని, వెనకాల జనం, చెమటలు, టోపీలు. ఫణికిరణ్ గారి భుజం మీద కెమెరా స్టాండు. కారు తలుపు తీసి సీతారావమ్మని ఇద్దరు దింపారు. తెల్లటి వెంకటగిరి చీర, చేతికర్ర, చంకలో సంచి. సంచి ముందు లోపలికొచ్చింది. "కొల్లేటి కొర్రమీను. చెరువు మాదే. పులుసులో బెండకాయ వెయ్యకు" అంది.

"అలాగే వదినగారూ. కూర్చోండి. లోపల ఏసీ ఉంది, చల్లగా ఉంటుంది."

"నేనిక్కడే కూర్చుంటా. నువ్వు చెప్పు."

మజ్జిగ ఇచ్చింది. ఆవిడ ఒక గుక్క తాగి, "అల్లం" అని గ్లాసు పక్కన పెట్టింది. కెమెరా మీద ఎర్రదీపం వెలిగింది. అలేఖ్య గొడుగు మూసి, మామ్మకేసి చూసి నవ్వింది, ఆ నవ్వులో రవ్వంత అనుమానం ఉన్నా లక్ష్మీకాంతం బతికిపోయేది. లేదు.

చెప్పింది. వేరే దారి లేక చెప్పింది. వదినగారి మొహం చూడకుండా, ఎదురింటి గేటుకేసి చూస్తూ, అత్తగారు చెప్పినట్టే, ఎక్కడ ఆవిడ ఊపిరి తీసుకునేదో అక్కడే ఊపిరి తీసుకుంటూ చెప్పింది. మాఘమాసం, ఎండ, పాత పంచె, తాటిచెట్ల తలల మీద వంద ఎడ్లబళ్ళు. మంచం దగ్గరికొచ్చినా ఆగలేదు. నీడ పోయింది, పంతులుగారు సగం తిన్నాడు, జనం నవ్వారు. కథైపోయింది. సీతారావమ్మ నవ్వలేదు. చేతికర్ర మీద గడ్డం ఆనించుకుని కళ్ళు మూసుకునుంది, నిద్రపోయిందేమో దేవుడా అని లక్ష్మీకాంతం ఆశపడింది.

ఫణికిరణ్ గారు పుస్తకం తెరిచారు. "చాలా బావుందండి. రికార్డు కోసం అడుగుతున్నాను, ఏమీ అనుకోకండి. ఆ విమానం వచ్చిన రోజుకి మీ వయసెంతుంటుందండీ?"

లక్ష్మీకాంతం అలేఖ్యకేసి చూసింది. కెమెరాకేసి చూసింది. వందేళ్ళుంటుందన్నారు. చాలు, ఈ పిల్ల కార్డుమీద రాసుకున్న మాటని తన నోటితో ఇంకా కుళ్ళబెట్టడం చాలు అనిపించింది. "నిజం చెప్పాలంటేనండీ," అంది, "నేనప్పటికి..."

"అమ్మ గొంతే" అంది సీతారావమ్మ కళ్ళు తెరవకుండా. ఎవరికీ చెబుతున్నట్టు కాదు. తర్వాత కళ్ళు తెరిచి, కర్రతో నేలమీద ఒకసారి కొట్టి, కెమెరాకేసి తిరిగింది. "ఏడేళ్ళు. ఇద్దరికీ ఏడేళ్ళే. కావలిస్తే ఆధార్ చూసుకోండి. మంచం కింద నేనూ ఇదీ ఉన్నాం. ఇది ఒంటరిగా ఉన్నట్టు చెబుతోంది గానీ, నేను పక్కనే ఉన్నాను."

ఫణికిరణ్ గారి కలం గబగబా కదిలింది. "ఇద్దరు సాక్షులు" అని అలేఖ్య మెల్లిగా, ఎవరికో దణ్ణం పెడుతున్నట్టు అంది. లక్ష్మీకాంతానికి కళ్ళు చెమర్చాయి. అరవయ్యేళ్ళలో మొదటిసారి వదినగారు తన పక్కకి జరిగి చోటిచ్చింది. వదినగారు ఇక్కడితో ఆగితే, ఈవిడ దణ్ణం పెట్టి, కొర్రమీను తీసుకుని వంటింట్లోకి పోయేది. ఆగితే ఆవిడ సీతారావమ్మ ఎలా అవుతుంది.

"ఇది ఒకటే ఏడుపు" అంది ఆవిడ జనంతో. "చప్పుడు తగ్గినా ఆపదే. చివరికి నా పరికిణీ కొసన కట్టుకున్న బెల్లంముక్క నోట్లో పెడితే గానీ ఊరుకోలేదు."

లక్ష్మీకాంతం కొంగుతో కళ్ళు తుడుచుకుంటున్నదల్లా చెయ్యి ఆపేసింది. ఊరుకుందామనే అనుకుంది. దేవుడి తోడు, అనుకుంది. కానీ మనిషన్నాక ఒక మాట పడమంటే పడుతుంది గానీ, కెమెరా ముందు, పైవాళ్ళ ముందు, తన మనవరాలి ముందు, ఏడ్చానంటే ఎలా పడుతుంది?

"నేనేం ఏడవలేదండి వదినగారూ," అంది. "ఏడ్చింది మీరు. బెల్లం పెట్టింది నేను."

సీతారావమ్మ మరదలికేసి చాలాసేపు చూసింది. ఆ చూపుకి పంతులుగారు వీధి మార్చాడు, అమ్మవారు కుచ్చిళ్ళు సర్దుకుంది. లక్ష్మీకాంతం మాత్రం చూపు తిప్పుకోలేదు, మంచం కింద ఎంత చోటుంటుంది గనక, తిప్పుకోవడానికి.

"ఏడిస్తే ఏడ్చానులే," అంది సీతారావమ్మ చివరికి. "కానీ అది బెల్లం కాదు. తాటిబెల్లం."